ఫ్రెడ్డీ హైమోర్: చాక్లెట్ ఫ్యాక్టరీ పిల్లాడు గుడ్ డాక్టర్ ఎలా అయ్యాడు? తరచుగా అడిగే ప్రశ్నలు

గుడ్ డాక్టర్ కొత్తగా మొదలుపెట్టిన వాళ్ళెవరైనా నాలుగైదు ఎపిసోడ్లు అయ్యేసరికి నాకో మెసేజ్ పెడతారు, ఈ అబ్బాయిని ఎక్కడో చూశానే అని. మా పిన్ని అయితే ఏకంగా టీవీ పాజ్‌లో పెట్టి ఫోన్ చేసి, "ఒరేయ్, వీడు ఆ చాక్లెట్ ఫ్యాక్టరీ పిల్లాడు కదూ, వీడెప్పుడు డాక్టర్ అయ్యాడ్రా" అంది. ప్రతిసారీ విడివిడిగా టైప్ చేయడం నా వల్ల కావట్లేదు, అందుకే అందరూ అడిగేవన్నీ ఒకచోట రాసేస్తున్నా. బేట్స్ మోటెల్ చూడని వాళ్ళు ఆ ప్రశ్న మాత్రం దాటేయండి, కథ బయటపడిపోతుంది.

ఇంతకీ ఎవరితను? ఎక్కడివాడు?

పేరు ఫ్రెడ్డీ హైమోర్. 1992 ఫిబ్రవరి 14న లండన్‌లో పుట్టాడు, అవును వాలెంటైన్స్ డే రోజే. అమెరికా వాడనుకుంటారు చాలామంది, ఎందుకంటే మనం చూసిన పెద్ద సీరియల్స్ రెండిట్లోనూ అమెరికన్ యాసలోనే మాట్లాడతాడు. అసలు మాట వినాలంటే ఏదైనా ఇంటర్వ్యూ పెట్టుకోండి, లండన్ బడిలో చదువుకున్న పిల్లాడి ఇంగ్లీషు, చాలా మర్యాదగా, కాస్త సిగ్గుపడుతూ మాట్లాడతాడు. బేట్స్ మోటెల్‌లో ఇతను వేసిన నార్మన్ బేట్స్‌ని చూసి భయపడ్డవాళ్ళకి ఆ ఇంటర్వ్యూలు చూస్తే నవ్వొస్తుంది.

వాళ్ళింట్లో ముందే సినిమా వాళ్ళున్నారట, అయితే ఇదీ వారసత్వమేగా?

ఉన్నారు, దాచేదేం లేదు. నాన్న ఎడ్వర్డ్ హైమోర్ నటుడే, 80ల్లో బీబీసీలో హోవర్డ్స్ వే అనే సీరియల్లో చేశాడు. అమ్మ స్యూ లాటిమర్ నటీనటులకి ఏజెంట్, హ్యారీ పోటర్ డేనియల్ రాడ్‌క్లిఫ్ వ్యవహారాలు చూసేది కూడా ఆవిడే. కాబట్టి తలుపు ఎక్కడుందో, ఎప్పుడు తట్టాలో ఆ ఇంట్లో అందరికీ తెలుసు. దీన్ని వారసత్వం అంటే నేను గొడవపడను. కాకపోతే మన దగ్గర వారసుడంటే పోస్టరు, ఫంక్షను, తొడ కొట్టడం, అవన్నీ గుర్తొస్తాయి కదా, ఇక్కడ అలాంటిదేం లేదు, చిన్న చిన్న వేషాలతో మెల్లగా మొదలైంది. నా లెక్కలో అమ్మ ఏజెంట్ కావడం వల్ల జరిగిన మేలు ఛాన్సులు రావడం కన్నా ఏది వద్దనాలో తెలిసినవాళ్ళు ఇంట్లోనే ఉండటం. ఇది నా అంచనా మాత్రమే.

మొట్టమొదట చేసింది ఏంటి?

1999లో విమెన్ టాకింగ్ డర్టీ అనే బ్రిటిష్ సినిమా, అప్పటికి ఏడేళ్ళు. అందులో అమ్మగా వేసింది హెలెనా బోన్‌హమ్ కార్టర్. ఈ పేరు గుర్తుపెట్టుకోండి, మళ్ళీ వస్తుంది. 2001లో ది మిస్ట్స్ ఆఫ్ అవలాన్ అనే టీవీ సినిమాలో చిన్నప్పటి ఆర్థర్ రాజు వేషం వేశాడు. 2004లో టూ బ్రదర్స్ వచ్చింది, రెండు పులిపిల్లల కథ, జాన్ జాక్ అన్నో తీసింది, కంబోడియా థాయిలాండ్ వైపు షూట్ చేశారు. అందులో ఫ్రెంచ్ దొర కొడుకు రౌల్ ఇతనే. పులిపిల్లతో స్నేహం చేసే పిల్లాడు, అంతే వేషం, కానీ జంతువుతో పాటు ఫ్రేములో ఉంటే జనం కళ్ళన్నీ జంతువు మీదే ఉంటాయి, అక్కడ కూడా పిల్లాడు కనిపించాడంటే విషయం ఉన్నట్టే.

ఫైండింగ్ నెవర్‌ల్యాండ్ గురించి అందరూ అంతలా చెప్తారేంటి, అంత గొప్పగా చేశాడా?

చేశాడు. 2004లో వచ్చింది. పీటర్ పాన్ నాటకం రాసిన జె.ఎం. బారీ కథ, బారీగా జానీ డెప్, నలుగురు మగపిల్లల తల్లి సిల్వియాగా కేట్ విన్‌స్లెట్. ఆ నలుగురిలో పీటర్ అనే పిల్లాడు మన ఫ్రెడ్డీ. నాన్న చనిపోయాక పెద్దవాళ్ళు చెప్పేవన్నీ అబద్ధాలే అని డిసైడ్ అయిపోయిన పిల్లాడు. ఆడుకోడు, నమ్మడు, కుక్కని పట్టుకుని ఇది ఎలుగుబంటి అని బారీ అంటే ఇది కుక్కే కదా అన్నట్టు చూస్తాడు.

చివరి సీన్ ఒక్కటి చూస్తే చాలు. అమ్మ పోయింది. పార్కులో బెంచి మీద పిల్లాడు, పక్కన బారీ. పక్కవాడు చెప్పేది నమ్మాలా వద్దా అని ఆ మొహంలో ఒక లెక్క నడుస్తూ ఉంటుంది, కళ్ళు నిండుతాయి కానీ చాలాసేపు కిందికి జారవు, మాట్లాడుతుంటే గొంతు మధ్యలో విరుగుతుంది. పిల్లలు ఏడ్చే సీన్లు మనం చిన్నప్పటినుంచి వందలు చూశాం, ఎక్కువ భాగం గ్లిజరినూ వయొలినూ. ఇందులో పిల్లాడు ఏడవకుండా ఆపుకోవడానికి తంటాలు పడుతుంటాడు, అందుకే మనకి వస్తుంది ఏడుపు. నేను మొదటిసారి చూసినప్పుడు పక్కన మా అన్నయ్య ఉన్నాడు, ఇద్దరం ఒకళ్ళ మొహం ఒకళ్ళం చూసుకోకుండా లేచి చెరో గదిలోకి వెళ్ళిపోయాం.

ఆ సినిమా గురించి ఇంకోటి కూడా బాగా చెప్పుకుంటారు. డిన్నర్ సీన్‌లో పిల్లలు బిగుసుకుపోయి కూర్చుంటే జానీ డెప్ టేబుల్ కింద అపానవాయువు శబ్దం చేసే బొమ్మ ఒకటి దాచి నొక్కుతూ ఉన్నాడట, ఆ పిల్లలు నవ్వు ఆపుకోలేక పడే అవస్థ అంతా నిజమే.

ఆ వేషానికి స్క్రీన్ యాక్టర్స్ గిల్డ్ అవార్డుకి సహాయ నటుడి కేటగిరీలో నామినేట్ అయ్యాడు, అంటే పిల్లల లిస్టులో కాదు, పెద్దవాళ్ళతో పాటు. అప్పటికి వయసు పన్నెండు.

చార్లీ వేషం జానీ డెప్ ఇప్పించాడంటారు, నిజమేనా?

నిజమే. నెవర్‌ల్యాండ్‌లో ఆ పిల్లాడి పని చూసి డెప్ టిమ్ బర్టన్‌కి చెప్పాడు. అలా 2005లో చార్లీ అండ్ ది చాక్లెట్ ఫ్యాక్టరీ. రోల్డ్ డాల్ 1964లో రాసిన పిల్లల కథ, 1971లో ఒకసారి సినిమాగా వచ్చింది, ఇది రెండోది. లండన్ దగ్గర పైన్‌వుడ్ స్టూడియోలో చాలావరకు నిజం సెట్లే వేసి తీశారు, గింజలు ఒలిచే ఉడతల సీన్ కోసం నిజం ఉడతల్నే నెలల తరబడి ట్రైన్ చేశారు. ఇంకో సరదా సంగతి, ఆ సినిమాలో ఫ్యాక్టరీలో పని చేసే పొట్టి మనుషులు, ఊంపా లూంపాలు, గుంపులు గుంపులుగా కనిపిస్తారు కదా, 165 మందీ ఒక్కడే, దీప్ రాయ్, కెన్యాలో పుట్టిన భారత సంతతి నటుడు.

ఈ సినిమాలో చార్లీ వేషం చూడ్డానికి తేలిక, చేయడానికి కష్టం. ఎందుకంటే మిగతా నలుగురు పిల్లలూ ఒకడు తిండిపోతు, ఒకతి గారాబం, ఒకతి పొగరు, ఒకడు టీవీ పిచ్చి, అందరికీ ఏదో ఒక రంగు ఉంది. చార్లీకి ఉన్నదల్లా మంచితనం, దాన్ని బోర్ కొట్టకుండా గంటన్నర పైగా చూపించాలి. పుట్టినరోజుకి వచ్చిన ఒకే ఒక్క చాక్లెట్ బార్ విప్పుతాడు, లోపల ఫ్యాక్టరీ చూడ్డానికి పిలిచే బంగారు టికెట్ ఉండదు. ఆ పిల్లాడు ఒక్క క్షణం దిగులుపడి వెంటనే బార్ ముక్కలు చేసి ఇంట్లో అందరికీ పంచుతాడు. మనింట్లో పిల్లలు పుట్టినరోజు నాడు క్లాసులో చాక్లెట్లు పంచి ఆఖరిది జేబులో వేసుకుని ఇంటికొచ్చి చెల్లికిస్తారు చూడండి, అచ్చం ఆ మొహమే.

ఇక ఆ సినిమా ప్రపంచం మొత్తం మీద 47 కోట్ల డాలర్లకి పైగా వసూలు చేసింది. పదమూడేళ్ళకి దాదాపు ప్రతి దేశంలో మొహం తెలిసిపోవడం అంటే ఇదే.

చదువు పాడవలేదా? షూటింగులంటూ తిప్పితే బడి సంగతేంటి?

ఈ ప్రశ్న అడిగేది ఎక్కువగా అమ్మలే. ఉత్తర లండన్‌లో హైగేట్ స్కూల్లో చదివాడు, మామూలుగానే. దీనికి సగం కారణం ఇల్లు, సగం కారణం అక్కడి చట్టం. ఇంగ్లండ్‌లో బడి వయసు పిల్లల చేత సినిమాలో కానీ టీవీలో కానీ చేయించాలంటే లోకల్ కౌన్సిల్ దగ్గర లైసెన్స్ తీసుకోవాలి, 1963 చట్టంలోనే ఉందిది. కొన్ని మినహాయింపులున్నాయి, ఉదాహరణకి బడి మానకుండా ఆరు నెలల్లో నాలుగు రోజులకి మించకపోతే లైసెన్స్ అక్కర్లేదు. ఇప్పుడు నడుస్తున్న రూల్స్ 2014వి, ఫ్రెడ్డీ పిల్లాడిగా ఉన్నప్పుడు 1968 రూల్స్ ఉండేవి. ఇప్పటి లెక్క ప్రకారం అయిదేళ్ళ లోపు పిల్లలు సెట్‌లో రోజుకి 5 గంటలు మించి ఉండకూడదు, అందులో నటన 2 గంటలే. అయిదు నుంచి తొమ్మిది లోపు వాళ్ళయితే 8 గంటలు, నటన 3. తొమ్మిది దాటితే తొమ్మిదిన్నర గంటలు, నటన 5. అమ్మో నాన్నో, టీచరో పక్కన లేకపోతే కౌన్సిల్ ఒప్పుకున్న ఒక మనిషి పిల్లాడిని కనిపెట్టుకుని ఉండాలి, షాపెరోన్ అంటారు. బడికి వెళ్ళలేని రోజుల్లో సెట్‌లోనే ట్యూటర్ రోజుకి 3 గంటల లెక్కన చదువు చెప్పాలి. డైరెక్టర్‌కి ఇంకో టేక్ కావాలన్నా టైమ్ అయిపోతే పిల్లాడిని పంపేయాల్సిందే.

మన దగ్గర కూడా 2017 నుంచి రూల్స్ ఉన్నాయండోయ్. రోజుకి 5 గంటలే, మధ్యలో విరామం లేకుండా 3 గంటలు మించకూడదు, జిల్లా మేజిస్ట్రేట్ పర్మిషన్ ఉండాలి, సంపాదనలో కనీసం 20 శాతం పిల్లాడి పేరున బ్యాంకులో ఫిక్స్‌డ్ డిపాజిట్ వేయాలి. ఆడిషన్‌కి పిల్లల్ని తీసుకెళ్ళేవాళ్ళు ఇవి ముందే చదువుకుని వెళ్ళండి. మాకు తెలిసినవాళ్ళ పాపని ఒక యాడ్ షూటింగ్‌కి తీసుకెళ్ళి పొద్దున ఏడింటి నుంచి రాత్రి దాకా కూర్చోబెట్టారు, ఆ పాప ఆఖరికి మేకప్‌తోనే నిద్రపోయింది, వాళ్ళమ్మకి ఈ రూల్ ఉందని కూడా తెలీదు.

ఆగస్ట్ రష్‌లో గిటార్ నిజంగా అతనే వాయించాడా?

సగం సగం. 2007లో వచ్చిన ఆ సినిమాలో అమ్మానాన్నల్ని వెతుక్కుంటూ న్యూయార్క్ వచ్చిన అనాథ పిల్లాడు, చెవికి వినపడే ప్రతిదీ సంగీతమే వాడికి. గిటార్‌ని అడ్డంగా పెట్టుకుని తీగల మీద అరచేతులతో కొట్టే సీన్ ఉంది కదా, దగ్గరి షాట్లలో ఉన్న చేతులు కాకీ కింగ్ అనే గిటారిస్ట్‌వి. ఆర్కెస్ట్రా కండక్ట్ చేయడం మాత్రం ఆ పిల్లాడు ప్రాక్టీస్ చేసి చేశాడు. సినిమా కథ మీద నాకు గొప్ప అభిప్రాయం లేదు, మన పాత సినిమాల్లో జాతరలో తప్పిపోయి పాట పాడగానే కలిసిపోయే అన్నదమ్ముల కథకి ఏమాత్రం తీసిపోదు. అయినా రాబిన్ విలియమ్స్ ఎదురుగా నిలబడి తడబడకుండా చేశాడు చూడండి, దానికి మార్కులెయ్యాలి.

మిగతా చిన్నప్పటి సినిమాలేంటి?

గబగబా చెప్పేస్తా. 2004 ఫైవ్ చిల్డ్రన్ అండ్ ఇట్. 2006 ఎ గుడ్ ఇయర్, రిడ్లీ స్కాట్ సినిమా, రస్సెల్ క్రో చిన్నప్పటి వేషం. అదే ఏడాది లూక్ బెస్సన్ తీసిన ఆర్థర్ సిరీస్ మొదలు, మొత్తం మూడు భాగాలు, సగం మనుషులు సగం యానిమేషన్. 2007 ది గోల్డెన్ కంపాస్‌లో గొంతు ఇచ్చాడు. 2008 స్పైడర్‌విక్ క్రానికల్స్‌లో డబుల్ యాక్షన్, జారెడ్, సైమన్ అనే కవలలు, ఒకడు కోపిష్టి ఒకడు మెతక. మనవాళ్ళు దీన్ని బాగా ఎంజాయ్ చేస్తారు, డబుల్ యాక్షన్ మన రక్తంలోనే ఉంది కాబట్టి. 2009 ఆస్ట్రో బాయ్‌లో మళ్ళీ గొంతు.

హెలెనా బోన్‌హమ్ కార్టర్ సంగతేంటి, గుర్తుపెట్టుకోమన్నారు?

విమెన్ టాకింగ్ డర్టీలో అమ్మ. చార్లీలోనూ అమ్మే. 2010 డిసెంబర్ 30న బీబీసీలో వచ్చిన టోస్ట్‌లో సవతి తల్లి. ఏడేళ్ళప్పుడు, పన్నెండు పదమూడేళ్ళప్పుడు, మళ్ళీ పద్దెనిమిదేళ్ళప్పుడు, మూడుసార్లు ఒకే నటి ఒకే పిల్లాడికి తల్లి వేషాలు వేయడం నాకు భలే నచ్చింది. టోస్ట్ అంటే వంటల మీద రాసే నైజెల్ స్లేటర్ చిన్ననాటి కథ. అందులో ఫ్రెడ్డీ వచ్చేది చివరి భాగంలోనే, టీనేజ్ నైజెల్‌గా. సవతి తల్లి లెమన్ మెరాంగ్ పై అనే తీపి వంటకం బ్రహ్మాండంగా చేస్తుంది, దాని రహస్యం చెప్పదు, కుర్రాడు దొంగచాటుగా కనిపెట్టి తనే చేసి నాన్న ముందు పెడతాడు. అత్తా కోడళ్ళ మధ్య పులిహోర పోపు రహస్యం లాంటి పోరు. ఆ సినిమాలో మొదటిసారి ఈ కుర్రాడి కళ్ళలో కాస్త కసి కనిపించింది, బేట్స్ మోటెల్ వాళ్ళు ఇది చూశారో లేదో కానీ నాకైతే నార్మన్ ఛాయ అక్కడే కనిపించింది.

18, 20 ఏళ్ళ మధ్య మాయమైపోయాడు, ఛాన్సులు రాలేదా?

ఇదే నాకు అతని మొత్తం కెరీర్‌లో ఇష్టమైన భాగం, జనం మాత్రం ఇక్కడే "ఫేడౌట్ అయ్యాడు పాపం" అంటారు. మాయమవలేదండీ, కాలేజీకెళ్ళాడు. కేంబ్రిడ్జ్‌లో ఇమ్మాన్యుయేల్ కాలేజీ, స్పానిష్, అరబిక్ భాషలు. 2010లో చేరి 2014లో డబుల్ ఫస్ట్‌తో, అంటే రెండు భాగాల పరీక్షల్లోనూ ఫస్ట్ క్లాస్‌తో, బయటికొచ్చాడు. మధ్యలో స్పెయిన్‌లో ఉన్నప్పుడు మాడ్రిడ్‌లో ఒక లా ఫర్మ్‌లో పని చేశాడు. ఆలోచించండి, ప్రపంచం మొత్తానికి తెలిసిన మొహం, వెళ్ళి ఆఫీసులో కూర్చుని ఫైళ్ళు చూసుకుంటోంది.

చైల్డ్ స్టార్లకి గండం ఎక్కడంటే సరిగ్గా ఆ వయసులోనే. గొంతు మారుతుంది, ముద్దు మొహం పోతుంది, హీరో మొహం ఇంకా రాదు, జనం మాత్రం పాత పిల్లాడినే అడుగుతుంటారు. బ్రిటన్‌లోనే చూడండి, 1968 ఆలివర్‌లో జాక్ వైల్డ్ టీనేజ్‌లోనే ఆస్కార్ నామినేషన్ దాకా వెళ్ళాడు, తర్వాత తాగుడు, ఛాన్సులు లేకపోవడం, 2006లో 53 ఏళ్ళకే పోయాడు. అదే సినిమాలో ఆలివర్‌గా చేసిన మార్క్ లెస్టర్ నటన వదిలేసి ఆస్టియోపతీ, అంటే ఎముకలూ కండరాలూ చేత్తో సరిచేసే వైద్యం, చేసుకున్నాడు. మన దగ్గర తేజ సజ్జాని తీసుకోండి, 1998లో చూడాలని వుంది, 2002లో ఇంద్ర, ఇంద్రలో ఆ డైలాగ్ చెప్పిన పిల్లాడు మళ్ళీ హీరోగా జాంబీ రెడ్డితో వచ్చేసరికి 2021 అయింది, హనుమాన్‌కి 2024. ఆ గ్యాప్ అందరికీ ఉంటుంది, దాన్ని ఎలా గడిపారన్నదే తేడా. ఫ్రెడ్డీ దాన్ని అరబిక్ వ్యాకరణం చదువుకుంటూ గడిపాడు.

బేట్స్ మోటెల్ ఎందుకు ఒప్పుకున్నాడు? ఆ ముద్దు పిల్లాడు హంతకుడేంటండీ?

(కథ తెలియకూడదనుకునేవాళ్ళు దాటేయండి.) హిచ్‌కాక్ 1960 సైకో తెలుసు కదా, అందులో నార్మన్ బేట్స్ అసలు అలా ఎందుకయ్యాడు అని వెనక్కి వెళ్ళి చెప్పే సీరియల్. అమెరికాలో ఏ అండ్ ఈ ఛానల్లో 2013 మార్చి నుంచి 2017 ఏప్రిల్ దాకా, అయిదు సీజన్లు, 50 ఎపిసోడ్లు. షూటింగ్ అంతా కెనడాలో వాంకూవర్ వైపు. మొదటి రెండు సీజన్లు వచ్చేటప్పటికి ఇతనింకా కేంబ్రిడ్జ్ స్టూడెంటే.

ఎందుకు ఒప్పుకున్నాడో అతని మనసులో దూరి చూడలేను కానీ ఎందుకు కుదిరిందో చెప్పగలను. చార్లీ మొహం ఉంది కాబట్టే. ఆ అమాయకపు కళ్ళు, అమ్మంటే ప్రాణం, ఎవరినీ నొప్పించని మాట. చార్లీ కూడా ఫ్యాక్టరీ మొత్తం ఇస్తానంటే అమ్మానాన్నల్ని వదిలి రానంటాడు, నార్మన్ కూడా అమ్మని వదలడు. అదే గుణం, ఒక చుక్క విషం కలిస్తే ఎలా ఉంటుందో అయిదేళ్ళు చూపించాడు. అమ్మ నార్మాగా వేరా ఫార్మిగా, వాళ్ళిద్దరూ వంటగదిలో గొడవపడే సీన్లు చూస్తుంటే పక్కింట్లో నిజం గొడవ వింటున్నట్టు ఇబ్బందిగా ఉంటుంది. చివరి సీజన్లో నార్మన్ నోట్లోంచి అమ్మ మాట్లాడుతుంది, మేకప్ లేదు, గొంతు పెద్దగా మార్చలేదు, మెడ కొంచెం నిలబెట్టి, పెదాలు బిగించి, చూపు పైనుంచి కిందికి దించుతాడు, అంతే, ఎదురుగా వేరా ఫార్మిగా కూర్చున్నట్టుంటుంది. నేను ఆ ముక్క వెనక్కి తిప్పి తిప్పి చూశా, అసలు ఏం మార్చాడా అని.

ఇంకో ముఖ్యమైన సంగతి, ఇక్కడే ఇతను కెమెరా వెనక్కి కూడా వెళ్ళాడు. నాలుగో సీజన్లో ఒక ఎపిసోడ్ రాశాడు, అయిదో సీజన్లో ఒకటి డైరెక్ట్ చేశాడు. చిన్నప్పుడు సెట్‌లో ట్యూటర్ దగ్గర లెక్కలు చేసుకున్న పిల్లాడు పాతికేళ్ళకి సెట్‌లో తనే యాక్షన్ చెప్తున్నాడన్నమాట.

గుడ్ డాక్టర్ ఎలా వచ్చింది? కొరియన్ డ్రామా కాపీనా?

కాపీ కాదు, హక్కులు కొని చేసిన రీమేక్. 2013లో కొరియాలో కేబీఎస్ టూ ఛానల్లో వచ్చిన గుడ్ డాక్టర్ అసలుది, 20 ఎపిసోడ్లు. లాస్ట్ అనే అమెరికన్ సీరియల్లో చేసిన నటుడు డేనియల్ డే కిమ్ దాని హక్కులు కొని అమెరికాలో ఛానళ్ళ చుట్టూ తిరిగాడు, సీబీఎస్ వద్దంది, చివరికి ఏబీసీలో పడింది. రాసింది హౌస్ అనే ఆసుపత్రి సీరియల్ సృష్టించిన డేవిడ్ షోర్. జపాన్‌లో, టర్కీలో కూడా రీమేక్ అయింది. కొరియన్ డ్రామాలు తెగ చూసే మన అమ్మాయిలు అసలుదే బాగుందంటారు, నేను ఆ గొడవలోకి రాను.

బేట్స్ మోటెల్ 2017 ఏప్రిల్‌లో అయిపోతే ఇది అదే ఏడాది సెప్టెంబర్ 25న మొదలైంది. 2024 మే 21న ముగిసింది, ఏడు సీజన్లు, 126 ఎపిసోడ్లు. ఇందులో కూడా రాశాడు, డైరెక్ట్ చేశాడు.

మొదటి ఎపిసోడ్‌లో ఎయిర్‌పోర్ట్ సీన్ గుర్తుందా? గాజు బోర్డు ఒక పిల్లాడి మీద పడుతుంది, అక్కడే ఉన్న డాక్టర్ ఒకాయన గబగబా వైద్యం చేయబోతే షాన్, అంటే ఫ్రెడ్డీ వేసిన ఆటిజం ఉన్న కుర్ర సర్జన్, అందులో తప్పు పట్టుకుంటాడు. సెక్యూరిటీ వాళ్ళు ప్రయాణికుల దగ్గర లాక్కున్న కత్తి కోసం పరిగెత్తి, మద్యం సీసా, గొట్టం కలిపి పిల్లాడి ఛాతీలో చిక్కుకున్న గాలి బయటికి పోయే ఏర్పాటు చేస్తాడు. ఆ హడావిడిలో అందరూ అరుస్తుంటారు, షాన్ మాత్రం గొంతు పెంచడు. మామూలప్పుడు ఎలా నిలబడతాడో చూడండి, రెండు చేతులూ పొట్ట ముందు ఒకదాని మీద ఒకటి, గుళ్ళో పూజారి గారి ముందు తీర్థం కోసం నిలబడ్డట్టు. ఏడేళ్ళు ఆ చేతులు అలాగే ఉంచాడు, భయమేసినా కోపమొచ్చినా ముందు తెలిసేది ఆ వేళ్ళలోనే. జేబులో తమ్ముడిచ్చిన ప్లాస్టిక్ కత్తి బొమ్మ, సర్జన్లది.

ఆటిజం లేని నటుడు ఆ వేషం వేయడం తప్పని గొడవైంది కదా?

అయింది, గొడవ చేసిన వాళ్ళ మాటలో న్యాయం ఉంది. ఆటిజం ఉన్నవాళ్ళు చాలామంది రెండు పాయింట్లు ఎత్తారు. ఒకటి, ఆ వేషాలు తమలాంటి నటులకి ఎందుకివ్వరు అని. రెండు, ఆటిజం అంటే ఎప్పుడూ జీనియస్ అనే ఎందుకు చూపిస్తారు అని. రెండోది మనకి మరీ అవసరం. షాన్‌కి ఉన్నట్టు అసాధారణమైన జ్ఞాపకశక్తి ఆటిజం ఉన్న వాళ్ళలో కొద్దిమందికే ఉంటుంది. ఈ సీరియల్ చూసి "మీ బాబుకి కూడా ఏదో స్పెషల్ టాలెంట్ ఉంటుందిలే" అని చుట్టాలు అంటుంటే ఆ తల్లికి ఎలా ఉంటుందో నేను మా బంధువుల్లోనే చూశా. ఆ బాబుకి ప్రస్తుతం కావాల్సింది స్పీచ్ థెరపీ, వెయ్యి పేజీలు గుర్తుండటం కాదు.

ఏడో సీజన్లో చార్లీ అనే మెడికల్ స్టూడెంట్‌గా కేలా క్రోమర్ వచ్చింది, ఆమెకి నిజంగానే ఆటిజం ఉంది. ఆలస్యంగానైనా ఆ పని చేశారు. ఫ్రెడ్డీ నటన వరకు నేను మెచ్చుకుంటాను, ఎంపిక మీద వచ్చిన ప్రశ్న మాత్రం అలాగే ఉంటుంది, ఒకదానితో ఇంకోటి కొట్టుకుపోదు.

"ఐ యామ్ ఎ సర్జన్" మీమ్ ఎక్కడిది?

రెండో సీజన్లోది, 2019. డాక్టర్ హాన్ తనని సర్జరీ నుంచి తీసేస్తే షాన్ తట్టుకోలేక అదే మాట అరుస్తూ ఉంటాడు. డాక్టర్ హాన్ వేసింది ఎవరనుకున్నారు, హక్కులు కొన్న ఆ డేనియల్ డే కిమ్మే. 2023లో ఎవరో ఆ ముక్క బయటికి తీశారు, ఇక రీల్సే రీల్సు. ముందూ వెనకా లేకుండా చూస్తే ఏ ఏడుపైనా నవ్వులాటే.

అవార్డులు వచ్చాయా?

నెవర్‌ల్యాండ్‌కి, చార్లీకి వరుసగా రెండేళ్ళు క్రిటిక్స్ చాయిస్‌లో ఉత్తమ బాల నటుడు. గుడ్ డాక్టర్‌కి 2018లో గోల్డెన్ గ్లోబ్ నామినేషన్, అది స్టెర్లింగ్ కె. బ్రౌన్‌కి వెళ్ళింది. నన్నడిగితే బేట్స్ మోటెల్ చివరి సీజన్‌కి ఎమ్మీ నామినేషన్ ఇవ్వకపోవడం అన్యాయం.

పెళ్ళైందా? ఇన్‌స్టాలో ఉన్నాడా?

అయింది. 2021లో జిమ్మీ కిమ్మెల్ షోకి ఉంగరంతో వచ్చి చెప్పాడు, అంతకుమించి వాళ్ళావిడ గురించి ఏమీ చెప్పలేదు, మనమూ అడగక్కర్లేదు. సోషల్ మీడియాకి దూరం. కాబట్టి ఫ్రెడ్డీ హైమోర్ పేరుతో ఎవరైనా మీకు హాయ్ అని మెసేజ్ పెట్టి గిఫ్ట్ కార్డు అడిగితే బ్లాక్ చేసేయండి, మా ఫ్రెండ్ వాళ్ళ చెల్లికి పెట్టాడొకడు.

ఇప్పుడేం చేస్తున్నాడు?

2021లోనే రెండు వచ్చాయి. ది వాల్ట్, మాడ్రిడ్‌లో బ్యాంక్ ఆఫ్ స్పెయిన్ దోపిడీ కథ, 2010 వరల్డ్ కప్ ఫైనల్ నడుస్తుంటే ఊరంతా టీవీలకి అతుక్కుపోయిన టైమ్‌లో లోపల పని కానిస్తారు. కేంబ్రిడ్జ్ స్పానిష్ ఊరికే పోలేదు. రెండోది లియొనార్డో సీరియల్. 2025లో ది అసాసిన్ వచ్చింది, కీలీ హాస్ రిటైరైన హంతకురాలు, ఫ్రెడ్డీ ఆవిడ కొడుకు. మళ్ళీ తల్లీ కొడుకుల కథే, ఈసారి చంపేది తల్లి.

పిల్లలతో కలిసి చూడాలంటే ఏది ముందు పెట్టాలి?

మొదట చార్లీ. చాక్లెట్ ముందే కొని దగ్గర పెట్టుకోండి, లేకపోతే మధ్యలో షాపుకి పరిగెత్తాలి. తర్వాత ఆర్థర్ మొదటి భాగం, తర్వాత స్పైడర్‌విక్, అందులో రాక్షసులు కాస్త భయపెడతారు, ఏడేళ్ళ లోపు పిల్లలకి వద్దు. ఫైండింగ్ నెవర్‌ల్యాండ్ పదేళ్ళు దాటాక. గుడ్ డాక్టర్‌లో ఆపరేషన్లు చాలా దగ్గరగా చూపిస్తారు, భోజనం చేస్తూ చూడకండి, మా పిన్ని పెరుగన్నం గిన్నె పక్కన పెట్టేసి ఇప్పటికీ నన్నే తిడుతోంది. బేట్స్ మోటెల్ పిల్లలు పడుకున్నాక మాత్రమే, అది కూడా ఒంటరిగా వద్దు.